బుడన్‌బీ చూసిన నెలవంక

"కొడుకు ఇల్లు విడిచి మూడు దినాలైంది. పోయేటప్పుడు ఏమన్నాడమ్మా?" అని అడిగాడు పోతులయ్య.

"ఏమంటాడు సారూ? సాయంత్రానికి వస్తానన్నాడు. పోయేవాళ్ళంతా అదే కదా అనేది," అంది బుడన్‌బీ.

హిందూపురంలో చింతపండు మండీ వెనక సందులో ఆమెది ఒంటి గది ఇల్లు. గూట్లో రెండు పళ్ళేలు ఉన్నాయి. ఒకటి కడిగి బోర్లించి ఉంది. రెండోదాని మీద ఇంకో గిన్నె మూత పెట్టి ఉంది. కొడుకు వాటా అన్నం మూడు రోజులుగా వండుతూనే ఉందని, పొద్దున్నే దాన్ని కుక్కకు వేస్తూనే ఉందని అడగకుండానే తెలుస్తోంది. పోతులయ్య అటు చూసి వెంటనే చూపు తిప్పుకున్నాడు. సీఐడీలో ఇన్‌స్పెక్టరుగా పనిచేసి రిటైరైన మనిషి. శవాలను తొణక్కుండా చూసినవాడే గాని, ఎదురుచూసేవాళ్ళ ఇళ్ళలో అట్టే సేపు కూర్చోలేడు.

సంగతి ఇదీ. ఆదినారాయణ అనే పార్లమెంటు సభ్యుడు ఒక పట్టునూలు వ్యాపారికి మేలు జరిగేలా సభలో ప్రశ్నలు వేశాడనీ, బదులుగా ఆ వ్యాపారి దగ్గర కొత్త మోటారుకారు పుచ్చుకున్నాడనీ ఆరోపణ. తన సభ్యుడి నడతను తానే తేల్చాలని సభ ఒక కమిటీని వేసింది. ఆ కమిటీ తరఫున ఈ ప్రాంతంలో నిజానిజాలు రాబట్టే పని పోతులయ్యకు అప్పజెప్పారు. కారు చేతులు మారడం కళ్ళారా చూసి, పైకి చెప్పడానికి ఒప్పుకున్న సాక్షి ఒక్కడే. అతను వ్యాపారి డ్రైవరు, బుడన్‌బీ కొడుకు ఖాజాసాబ్. జనవరి ఇరవై అయిదున పెనుకొండ బంగళా ముందర కారు తాళంచెవి ఎంపీ చేతిలో పెట్టింది అతనే.

రేపు ఉదయం అదే బంగళాలో కమిటీ కార్యదర్శి సాక్ష్యాలు రాసుకోబోతున్నాడు. ఖాజాసాబ్ రాకపోతే ఆరోపణ అబద్ధమైపోతుంది. సభ్యుడి మీద లేనిపోని నింద వేసినందుకు ఆ డ్రైవరే సభ ముందు దోషిగా నిలబడాల్సి వస్తుంది. ముందు, అతను బతికుండాలి కదా.

"వాడు నోరు మూసుకొనుంటే పోయేది," అంది బుడన్‌బీ. "దుడ్లు ఇస్తామన్నారు, ఒద్దన్నాడు. కొడతామన్నారు, కొట్టుకోండన్నాడు. నువ్వొచ్చి 'నీ కొడుక్కి నాది పూచీ' అంటివి సారూ. నేను నీ మొగం చూసి ఒప్పుకుంటిని."

పోతులయ్య మాట మార్చాడు.

"జనవరిలో వాడు ఆ కొత్త కారు పెనుకొండకు తోలుకపోయిన దినం నీకు జ్ఞాపకం ఉండాదా?"

"మీ తేదీలు నాకు తెల్దు. జుమ్మా దినం అది. నమాజు పెనుకొండలోనే చదువుకుంటానని పోయినాడు. కారు ఇచ్చేసి రాత్రికి ఆడనే పండుకొని మర్సనాడు రైలుకు వచ్చినాడు. ఆ సాయంత్రం రంజాన్ నెలవంక కోసరం సందు సందంతా మిద్దెలెక్కింది. అందరికీ కనపడింది, నా పాడు కండ్లకు కనపడల్యా. వాడే నా గడ్డం పట్టుకొని తిప్పి 'అదో చూడమ్మా, ఆ వేపకొమ్మకు పైన' అన్నాడు."

"కనపడిందా?"

"వాడి సంతోషానికి కనపడిందన్నా," అని బుడన్‌బీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. నవ్విందో ఏడ్చిందో పోతులయ్యకు అర్థం కాలేదు.

సాయంత్రం రైలుకు తిరిగి వస్తానని చెప్పి లేచాడు. చెప్పాక నాలుక కరుచుకున్నాడు. ఆమె గడప దాకా వచ్చి నిలబడింది. సందు మలుపు తిరిగేటప్పుడు వెనక్కి చూస్తే ఇంకా అక్కడే ఉంది.

*

ఇక మిగిలింది ధర్మవరం. కారు ఇచ్చారంటున్న రోజు తాను పెనుకొండ ఛాయలకే పోలేదనీ, పొద్దుటి నుంచి దీపాలు పెట్టే దాకా ధర్మవరంలో రంగప్ప అనే నేతగాడి ఇంట్లో మగ్గం పక్కనే కూర్చుని చీర నేయడం చూశాననీ ఎంపీ కమిటీకి రాసి ఇచ్చాడు. చేనేత గురించి సభలో మాట్లాడాలంటే చేనేత చూడాలి కదా అని ఒక ముక్క కూడా చేర్చాడు. నిజమేనంటూ రంగప్ప వేలిముద్ర వేశాడు. ఆ వేలిముద్ర నిలబడితే ఖాజాసాబ్ అబద్ధాలకోరు.

రైలు పెనుకొండలో ఆగింది. పోతులయ్య ఊరు అదే. భార్య పోయాక ఒక గది మాత్రం ఉంచుకొని మిగతా ఇల్లు అద్దెకిచ్చాడు. ప్లాట్‌ఫారం మీద ఎవరెవరో ఎవరెవరినో దింపుకుంటున్నారు, ఎక్కించుకుంటున్నారు, కిటికీల్లోంచి చేతులు పట్టుకుంటున్నారు. అతను తువ్వాలు ముఖాన వేసుకొని నిద్రపోతున్నట్టు నటించాడు. రైలు కదిలాకే తీశాడు.

ధర్మవరంలో నేతగాళ్ళ వీధికి వచ్చేసరికి ఏదో తేడాగా అనిపించింది. ఈ వీధికి ఎన్నిసార్లు వచ్చినా ఇంటింటి నుంచీ మగ్గాల చప్పుడు చెవులు దిమ్మెత్తించేది, మనిషి మాట వినాలంటే గట్టిగా అరవాల్సి వచ్చేది. ఇవాళ తన చెప్పుల చప్పుడు తనకే వినిపిస్తోంది. రంగప్ప ఇంటి ముందు కారు ఆగి ఉంది.

లోపల నులక మంచం మీద కాలు మీద కాలు వేసుకొని శ్రీనివాసులు కూర్చున్నాడు. నెల్లూరు మనిషి. పన్నెండేళ్ళు పోతులయ్య చేతికింద పనిచేసి, ఉద్యోగం వదిలి, ఇప్పుడు బెంగుళూరులో ప్రైవేటు డిటెక్టివుగా బోర్డు పెట్టుకున్నాడు. ఈ కేసులో ఎంపీ అతన్ని పెట్టుకున్నాడు.

"రండి గురువుగారూ! అవతలివాడికంటే ముందే చేరాలని మీరే కదా నేర్పారు," అన్నాడు లేవకుండానే.

"నేను నేర్పినదాంట్లో అదొక్కటే మిగిలినట్టుండాది," అన్నాడు పోతులయ్య. "ఖాజాసాబ్‌ను యాడ పెట్టినారు?"

"నన్నడుగుతారేం? అబద్ధం చెప్పినవాడు పారిపోతాడని కూడా మీరే నేర్పారు."

"పారిపోయేవాడు తల్లికి చెప్పకుండా పోడు."

"తల్లి, పిల్లి! ముసలితనం వచ్చేకొద్దీ మీకు కన్నీళ్ళు ఎక్కువైనాయి. ఎవరి కోసం ఈ తిరుగుడు చెప్పండి? ఇంటికి పోతే దీపం పెట్టే దిక్కు లేదు."

"నా దీపం నేనే పెట్టుకుంటా. దాన్ని ఊదేదానికి నీలాంటోడు పక్కన లేడు, అంతే చాలు," అని పోతులయ్య రంగప్ప వైపు తిరిగాడు.

రంగప్ప నలభై ఏళ్ళ బక్కపల్చని మనిషి. గోడకు ఆనుకొని నిలబడ్డాడు. వెనక వంటింటి గుమ్మంలో అతని పెళ్ళాం యశోదమ్మ.

"ఏమప్పా రంగప్పా, ఆ దినం జరిగింది చెప్పు."

రంగప్ప పైకప్పు చూస్తూ అందుకున్నాడు. "జనవరి నెల ఇరవై అయిదో తేదీన గౌరవనీయులైన ఎంపీ దొరగారు ఉదయం ఏడు గంటలకు మా ఇంటికి విచ్చేసి, సాయంత్రం దీపాలు పెట్టే వేళ వరకు నా మగ్గం చెంత ఆసీనులై..."

"ఆసీనులై!" అన్నాడు పోతులయ్య. "యశోదమ్మా, మీ ఆయన ఇంట్లో ఇట్లనే మాట్లాడతాడా? 'ఓ గౌరవనీయురాలా, సంగటి పెట్టుము' అంటాడా?"

యశోదమ్మ నవ్వబోయి, మంచం మీది మనిషిని చూసి ఆగిపోయింది.

"మాట తీరు కాదు, మాట చూడండి," అన్నాడు శ్రీనివాసులు.

"చూస్తా. ముందు మగ్గం చూపించప్పా."

మగ్గం లోపలి గదిలో ఉంది. నేతగాడు కాళ్ళు దించుకొని కూర్చునే గుంట, దాని ముందు నిలువునా చాచి కట్టిన పడుగు పోగులు. మగ్గం మీద తెల్లటి గుడ్డ కప్పి ఉంది. నేలంతా నీళ్ళు చల్లి ఊడ్చారు. మగ్గం పలకకు పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి, పక్కన చిన్న దీపం వెలిగించారు. పోతులయ్య గోడకూ మగ్గానికీ మధ్య సందును చేత్తో జానలు పెట్టి కొలిచాడు. మళ్ళీ కొలిచాడు.

"ఎంపీ ఈడనే కూర్చున్నాడా?"

"ఆ సామీ... ఈడనే."

"దొర ఒళ్ళు నాకు తెలుసు. ఈ సందులోకి ఒగ మోకాలు పడుతుంది. రెండోది యాడ పెట్టుకున్నాడు? మోచెయ్యి ఆడనుంటే నూలు తీసుకొని అటూ ఇటూ పోయే నీ నాడె ఎట్లా ఆడింది?"

"గుమ్మం దగ్గర కుర్చీ వేసుకొని ఉంటారు," అన్నాడు శ్రీనివాసులు వెనక నుంచి. "పక్కన అంటే మరీ పక్కనే అనా?"

"నిన్నడగలేదు."

"నేను సాక్షి హక్కులు కాపాడుతున్నాను."

"సరే. రంగప్పా, గుంటలో కూర్చొని ఒగ నాలుగు పోగులు ఆడించు. నేను గుమ్మం కాడ నిలబడతా. ఆడనుంచి ఏం కనపడుతుందో చూస్తా."

రంగప్ప కదల్లేదు. పెళ్ళాం ముఖం చూశాడు. ఆమె తల అడ్డంగా ఊపింది.

"ఏందప్పా?"

"ఈ పొద్దు ముట్టకూడదు సామీ," అన్నాడు రంగప్ప. అంతదాకా అప్పజెప్పిన పాఠం గొంతు కాదది, అతని సొంత గొంతు. "అమావాస్య."

శ్రీనివాసులు విసుక్కున్నాడు. "ఇదేం మూఢనమ్మకమయ్యా! కూర్చో. ఎంపీ గారి ముందు నేసినట్టే నాలుగు పోగులు వేసి చూపించు, పీడ విరగడవుతుంది."

"అట్లా అనొద్దు సామీ!" యశోదమ్మ గుమ్మం దాటి లోపలికే వచ్చేసింది. "మా తాతల కాలం నించీ అమావాస్య పూట మగ్గం ముట్టిన చెయ్యి ఈ వీధిలో లే. పెండ్లి చీర అర్జెంటని మేనమామలు వచ్చి ఏడ్చినా ముట్టం. దొరలు వచ్చినా ముట్టం. వీధి వింటాండారా, ఒగ మగ్గమన్నా ఆడతాండాదా?"

వీధి నిజంగానే నిశ్శబ్దంగా ఉంది. పోతులయ్య ఆ నిశ్శబ్దాన్ని విన్నాడు. ఒక ముసలమ్మ గడ్డం పట్టుకొని తిప్పుతున్న కొడుకు చెయ్యి కళ్ళకు కట్టింది.

"యశోదమ్మా," అన్నాడు నెమ్మదిగా. "నెలవంక ఎప్పుడు కనపడుతుంది?"

"అమావాస్య పోయినాక."

"అమావాస్య పోయిన ఎన్నాళ్ళకు?"

"మర్సనాడు సన్నంగా కనపడుతుంది సామీ, లేదంటే ఆ పైదినం."

"ఈ ఏడు రంజాన్ నెలవంక జనవరి ఇరవై ఆరు సాయంత్రం కనపడింది. జెండా పండగనాడు. హిందూపురంలో మిద్దెలెక్కి అందరూ చూసినారు. అట్లయితే దానికి ముందు దినం, ఇరవై అయిదు, ఏందది?"

"జెండా పండగకు ముందు దినం అమావాస్యే సామీ!" యశోదమ్మ చెయ్యి నోటి మీదికి పోయింది. రంగప్ప వేళ్ళ మీద ఏదో లెక్క పెట్టుకున్నాడు, మధ్యలో ఆపేశాడు. గోడ పట్టుకొని అట్లాగే జారి కింద కూర్చున్నాడు.

"ఇంగ్లీషు తేదీ చెప్పిరి సామీ," అన్నాడు. "తేదీలు మాకు యాడ తెలుస్తాయి? మాకు విదియ, తదియ, పున్నమి, అమావాస్య, ఇదే లెక్క. ఇరవై అయిదంటే సరేనంటిని. అమావాస్య దినం నేను మగ్గం నేసినానని వేలిముద్ర వేసిచ్చినానా! ఇది బయటపడితే ఈ వీధిలో నా చావుకైనా వస్తారా ఎవురన్నా?"

"ఎంపీ అసలు ఈ ఇంటికి వచ్చినాడా?"

"వచ్చినాడు. ఒగ దినం వచ్చినాడు. వాకిట్లోనే నిలబడి, మంచినీళ్ళు తాగి, ఫోటో తీయించుకొని పోయినాడు. ఇదంతా ఈ సారు రాసుకొచ్చినాడు. వేలిముద్ర వేయకుంటే నూలు ఈకుండా ఆపేస్తామనిరి. నూలు లేకుంటే నేనేం నేయాల, వీళ్ళకేం పెట్టాల?"

పోతులయ్య వెనక్కి తిరిగాడు. "విన్నావా శ్రీనివాసులూ? నెల్లూరోడికి పట్టు కట్టడం తెలుసు గాని, నేసేవాళ్ళ దినాలు తెలియలేదు. రాసేముందు ఈ వీధిలో ఎవుర్నడిగినా చెప్పిందురు."

"నెలవంక కథ కమిటీ ముందు చెల్లదు. ఎవరు చూశారట?"

"ఎవరేంది, ఖాజాసాబ్ తల్లే! ఆ దినం కొడుకు కారుతో పెనుకొండకు పోయింది ఆమెకు తెలుసు. మర్సనాడు వచ్చి చంద్రుణ్ణి చూపించింది తెలుసు. రేపు పొద్దున చింతపండు మండీ వెనక సందులోంచి ఆమెను నేనే చెయ్యి పట్టుకొని తెచ్చి బంగళాలో కూర్చోబెడతా. అడుగు, ఎన్ని ప్రశ్నలు కావాలంటే అన్ని అడుగు!"

శ్రీనివాసులు ఒక్క క్షణం అతని వంకే చూశాడు. తర్వాత కోటు దులుపుకొని, టోపీ పెట్టుకున్నాడు.

"గెలిచారు గురువుగారూ," అన్నాడు మర్యాదగా. "సెలవు."

కారు వీధి దాటిపోయింది.

*

రంగప్ప చెప్పినదంతా పోతులయ్య కాగితం మీద పెట్టి చదివి వినిపించాడు. ఈసారి 'ఆసీనులై' లేదు. రంగప్ప వేలిముద్ర వేశాడు.

"రేపు బంగళాకు వచ్చి చెప్తా సామీ. నూలు ఆపితే ఆపనీ. కూలికి పోతా."

యశోదమ్మ పోనివ్వలేదు. జొన్నరొట్టె, పుంటికూర పెట్టింది. పక్కన కూర్చొని ఇంకొకటి వేసుకోమంది, వద్దంటే వినకుండా వేసింది. ఎవరైనా ఎదురుగా కూర్చొని వడ్డిస్తే తిని ఎన్నేళ్ళయిందో పోతులయ్య లెక్క పెట్టుకోలేదు. రంగప్ప పొలిమేర దేవర ముచ్చట్లేవో చెప్తున్నాడు. ఆదరా బాదరా లేకుండా తిన్నాడు. చెయ్యి కడుక్కున్నాక కూడా వెంటనే లేవబుద్ధి కాలేదు. గెలిచిన మనిషికి ఆ మాత్రం సుఖం ఉండకూడదా అనుకున్నాడు.

యశోదమ్మ చెంబు అందుకుంటూ అడిగింది. "పాపం, ఆ తల్లికి ఇంట్లో తోడెవురుండారు సామీ?"

"ఎవురూ లేరు. కొడుకొక్కడే."

"ఒంటిగా ఉండాదా! అట్లాంటిదాన్ని సాక్ష్యానికి పిలుస్తానని ఆ సారు ముందరే చెప్తిరే. ఆ యప్ప చూపు నాకు బాగనిపించలే."

పోతులయ్య తువ్వాలుతో చెయ్యి తుడుచుకుంటున్నవాడు తుడుచుకుంటున్నట్టే ఆగిపోయాడు.

పన్నెండేళ్ళు చూశాడు శ్రీనివాసుల్ని. ఓడిపోతే అరిచేవాడు, బల్ల గుద్దేవాడు, రెండు రోజులు మాట్లాడేవాడు కాదు. ఇవాళ అరవలేదు. సెలవన్నాడు. సెలవని టోపీ పెట్టుకున్నాడు!

మగ్గం సాక్ష్యం పోయింది. ఇక ఎంపీని కాపాడే దారి ఒకటే. ఖాజాసాబే బంగళాలో నిలబడి 'నేను చెప్పింది అబద్ధం' అనాలి. మూడు రోజులుగా అనడం లేదంటే, దెబ్బలకు లొంగడని వాళ్ళకు తెలిసే ఉంటుంది. ఇప్పటిదాకా ఆ ముసలమ్మ వాళ్ళ కంటికి ఆనలేదు. కళ్ళు కనపడని మనిషి, దానికేం తెలుసులే అనుకున్నారు. ఆమెకు ఏం తెలుసో, ఏ సందులో ఉంటుందో, రేపటికి ఆమె ఎంత అవసరమో తానే విడమర్చి చెప్పాడు. గొంతు పెంచి మరీ చెప్పాడు.

"సామీ, ఏమైంది?" అంటున్నాడు రంగప్ప. పోతులయ్య అప్పటికే వీధిలో ఉన్నాడు.

అరవై ఏళ్ళ కాళ్ళు పరుగెత్తనన్నాయి. అయినా పరుగెత్తాడు. స్టేషనుకు చేరాడు. హిందూపురం వైపు బండి సాయంత్రానికి గాని లేదు. స్టేషన్ మాస్టరుకు కమిటీ ఇచ్చిన చీటీ చూపించి, ఎదురు మాట్లాడనివ్వకుండా టెలిఫోను దగ్గరికి లాక్కుపోయాడు.

హిందూపురం మాస్టరు మంచి మనిషి. పోర్టరును సైకిలు మీద పంపిస్తానన్నాడు. "పక్కనే కదా సార్, మండీ వెనకే కదా. ఆమెను తీసుకొచ్చి మా ఇంట్లోనే కూర్చోబెడతాను, మా ఆవిడ ఉంది. మీరు నిదానించండి."

పోతులయ్య బల్ల మీద కూర్చున్నాడు. రంగప్ప వెనకే వచ్చి గుమ్మం దగ్గర నిలబడ్డాడు. ప్లాట్‌ఫారం మీద ఒక గూడ్సు బండి వచ్చి, నీళ్ళు పట్టుకొని, పోయింది. కారుకు పెనుకొండ ఘాటులో ఏదైనా అడ్డం తగిలి ఉండకూడదా? ఎద్దుల బండ్లు, గొర్రెల మంద, పంక్చరు, ఏదైనా సరే. జీవితంలో మొదటిసారి ఒకరి ప్రయాణం సాగకూడదని మొక్కుకున్నాడు.

టెలిఫోను మోగింది.

"సార్, మనవాడు వెళ్ళి వచ్చాడు," అన్నాడు హిందూపురం మాస్టరు. గొంతు ఉషారుగా ఉంది. "ఇంటికి తాళం వేసి ఉందట. పక్కింటి ఖాతూన్‌బీ అంతా చెప్పింది. ఏం దిగులు లేదు సార్. అరగంట కిందే కారు వచ్చిందట. 'పోతులయ్య సారు పంపించినాడు, నీ కొడుకు దొరికినాడు, రా' అన్నారట. మీ పేరు చెప్పగానే ఆ ముసలమ్మ కాలు నేల మీద నిలవలేదట. కొడుకు తిండికని అప్పటికప్పుడు రెండు రొట్టెలు గుడ్డలో కట్టుకొని, నవ్వుతూ ఎక్కిందట సార్."

తీగలో గరగరమని చప్పుడు.

"హలో... సార్? వినపడుతోందా? ఆ కారు పంపింది మీరే కదా?"